గురుడు ఎవరి వాటా?

“గురుణ్ణి ముట్టుకున్నావంటే మర్యాద దక్కదు” అంది అక్క.

తమ్ముడు చెయ్యి వెనక్కి తీసుకోలేదు. పాత పేపర్లు ఉండలు చుట్టి, జిగురు పూసి, డాబా మీద ఎండబెట్టిన ఎనిమిది గ్రహాలు గది మధ్య చాప మీద వరసగా ఉన్నాయి. భూమి గోళీకాయంత. గురుడు ఫుట్‌బాలంత. ఇక రంగు కాగితాలు అంటించడమే మిగిలింది. రేపు పొద్దున బళ్ళో టీచరు బల్ల మీదికి చేరాలి.

తమ్ముడి ప్రాణమంతా గురుడి మీదే ఉంది. ఆ చారలూ, ఆ ఎర్రమచ్చా తన చేత్తో అంటించాలని పొద్దుట్నించీ ఉవ్విళ్ళూరుతున్నాడు. అక్కకీ అదే కావాలి. ఇంట్లో మంచిదేదైనా ముందు అక్క చేతికి పోయి, మిగిలింది తన దాకా రావడం పుట్టినప్పట్నించీ ఉన్నదే. ఈసారి మాత్రం వదిలేది లేదు.

“అమ్మా, చూడవే అక్కని!”

కిటికీ పక్కన కూర్చుని బఠాణీలు ఒలుస్తున్న అమ్మ తలెత్తలేదు. “మీ ఇద్దరి మధ్యా నా ప్రాణం పోతోంది. చెరిసగం పంచుకోండి. తేడా వచ్చిందో, ఆ పెద్దదాన్ని నేనే తీసుకుంటా. ఇద్దరూ నోట్లో వేలేసుకుని చూద్దురుగాని.”

ఇద్దరూ తగ్గారు. అమ్మ అన్నదంటే చేస్తుంది.

అక్క వెంటనే పెద్దరికం తెచ్చుకుంది. “ఎనిమిది గ్రహాలు. తలా నాలుగు. సూర్యుడికి దగ్గరున్న నాలుగూ నీవి, దూరంగా ఉన్న నాలుగూ నావి. ఎంత న్యాయంగా పంచానో చూడు.”

తమ్ముడు తన వాటా చూసుకున్నాడు. బుధుడు, శుక్రుడు, భూమి, కుజుడు. నాలుగూ కలిపి గుప్పిట్లో పట్టాయి.

“ఇదా న్యాయం? ఇవి జేబులో వేసుకుని షికారుకి పోవచ్చు! ఎవరికెంత కాగితం పడుతుందో లెక్క కట్టాల్సిందే.”

“కట్టు, నాకేం భయమా? గురుడి అడ్డం భూమికి పదకొండింతలు. అంటే పదకొండు భూములకి పట్టే కాగితం. అదేమంత ఎక్కువ?”

“పదకొండు కాదు, పదకొండు పదకొండ్లు!”

“నీ మొహం.”

“నా మొహం కాదు, నీ దుప్పటి చూడు. పొడుగూ రెండింతలు, వెడల్పూ రెండింతలు చేస్తే రెండు దుప్పట్ల గుడ్డ సరిపోతుందా? నాలుగు కావాలి. బంతికైనా అంతే. గురుడికి నూట ఇరవై ఒక్క భూముల కాగితం పడుతుంది.”

అక్క గురుణ్ణి అటూ ఇటూ తిప్పి చూసింది.

“శని తొమ్మిదింతలు. తొమ్మిది తొమ్ముదులు ఎనభై ఒకటి. యురేనస్ నాలుగింతలు, కాబట్టి పదహారు. నెప్ట్యూన్ ఒక పిసరు తక్కువ, పదిహేను. నీ వాటా రెండు వందల ముప్ఫై మూడు భూములు తల్లీ!”

“నీదెంతో చెప్పవేం?”

“భూమి ఒకటి. అందులో నూటికి తొంభై వంతులు శుక్రుడు, ఇరవై ఎనిమిది కుజుడు, పదిహేను బుధుడు. అంతా ఊడ్చి పోగేస్తే రెండున్నర భూములు కూడా లేవు.”

“మీ భూముల గోల నాకొద్దు” అంది అమ్మ. “నూటికి ఎంతో చెప్పండి.”

“అక్కకి తొంభై తొమ్మిది. నాకు ఒకటి.”

“ఏమే పెద్దదానా, ఇదేనా చెరిసగం?”

“నీకెప్పుడూ వాడే ముద్దు” అని అక్క మూతి ముడుచుకుంది.

“ముందు పాలు తాగండి. బిస్కెట్లు తలా రెండే. తీపి తగ్గించమన్నాడు డాక్టరు. నానబెట్టుకుని తినండి, ఉన్న పళ్ళు కూడా ఊడగలవు.”

తమ్ముడు బిస్కెట్టు పాలల్లో ముంచి, గ్రహాలకేసి చూస్తూ వేళ్ళు ముడుస్తున్నాడు. శని ఎనభై ఒకటి, పదహారు, పదిహేను, ఆ పైన తన గోళీలు. ఉన్నట్టుండి వేలు ఆగిపోయింది. బిస్కెట్టు మెత్తబడి గ్లాసులో పడిపోయింది. దాన్ని తీసుకోవాలన్న ధ్యాసే లేదు.

లోపల ఎగిరి గంతేస్తున్నా, పైకి మాత్రం మొహం వేలాడేసుకున్నాడు.

“పోనీలే అక్కా. పెద్దదానివి, నీతో పేచీ ఎందుకు? ఏడు గ్రహాలు నువ్వే తీసుకో. నాకు ఒక్కటి చాలు.”

“ఏ ఒక్కటి?”

“గురుడు.”

అక్క కళ్ళు చాప మీద ఆ చివర్నించి ఈ చివరికి పరిగెత్తాయి. ఏడు! శని చుట్టూ ఉన్న వలయంతో సహా!

“తర్వాత ఏడవకూడదు.”

“ఏడవను.”

“ఒట్టు?”

“అమ్మ మీద ఒట్టు.”

“నన్నెందుకర్రా మధ్యలోకి లాగుతారు? నూటికి ఎంతెంత?”

“అక్కకి నలభై తొమ్మిది, నాకు యాభై ఒకటి” అన్నాడు తమ్ముడు గురుణ్ణి ఒళ్ళోకి లాక్కుంటూ.

అక్క నమ్మలేదు. ఏడు గ్రహాల లెక్కా తనే మళ్ళీ కూడుకుంది. నూట పద్నాలుగు. అటు గురుడొక్కడే నూట ఇరవై ఒకటి.

“ఓరి దొంగా! ఒక్కడు నా ఏడుగురినీ మింగేశాడే!” అని పకపకా నవ్వేసింది. తాగుతున్న పాలు ముక్కులోకి పోయాయి. దగ్గుతూనే, “అయితే నా వలయానికి కాగితం నువ్వే కత్తిరించి పెట్టాలి. రెండు వంతులు ఎక్కువ మింగావుగా!” అంది.

“కత్తిరిస్తా, కత్తిరిస్తా.”

అమ్మ ఒలిచిన బఠాణీల గిన్నె పక్కన పెట్టి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వుకుంది. అక్క జిగురు పూసిచ్చింది. తమ్ముడు ఊపిరి బిగబట్టి గురుడికి మొదటి నారింజరంగు చార అంటించాడు. చార కాస్త వంకర పోయినా అదేం లెక్కలోది కాదు.

అంతలో వీధి తలుపు ధడాలున తెరుచుకుంది. ఆటలో చెమటలు పట్టిన ఓ చిన్న పిల్ల పరుగెత్తుకుంటూ వచ్చి, వెనకనుంచి తమ్ముడి మెడ వాటేసుకుంది.

“తాతయ్యా, నా హోంవర్కు అయిపోయిందా?”