సబ్బు వాసన

"ఈసారి చేతులు సబ్బుతో కడుక్కుని ఫొటో తీశాను బాబూ," అంటూ చేపలమ్మే చిట్టెమ్మ నెట్ సెంటర్ యాసిన్‌కి ఫోన్ అందించింది. "అప్పుడు తడి చేతులతో తీశాను. మార్కుల లిస్టు మసగ్గా ఉందని కాలేజీవాళ్లు మా అమ్మాయి మాధవి అప్లికేషన్ కొట్టేశారు. నా వల్లే సీటు పోయిందని అది నాతో మాట్లాడ్డం మానేసింది. గుడివాడ కాలేజీకైనా పంపు."

ఫోన్ ఇంకా సబ్బు వాసన వేస్తోంది.

యాసిన్ కంప్యూటర్లో పాత ఫొటో తెరిచాడు. ప్రతి అంకె స్పష్టంగా ఉంది. దాంతో చేసి కాలేజీకి పంపిన పీడీఎఫ్ తెరిచాడు. అంకెలన్నీ అలుక్కుపోయాయి. ఆ రోజు రద్దీలో ఫైలు సైజు మరీ తగ్గించేసి, తెరిచి చూడకుండానే పంపింది తనే.

"ఇది బాగొచ్చిందా బాబూ?"

చిట్టెమ్మకు చదువు రాదు. తనేం చెబితే అదే నమ్ముతుంది.

"అప్పటిదీ బాగానే వచ్చింది పిన్నిగారూ," అన్నాడు యాసిన్ తల దించుకుని. "మాధవికి ఫోన్ కలపండి. నేను చెప్పాలి."