జెర్మెన్ ఏమని అరిచింది?

"దీపం ఆర్పేముందు ఇంకోసారి చెప్తున్నా మదామ్. ఈ పాత ఫిల్ము కాగితంకన్నా తొందరగా అంటుకుంటుంది. రెండుసార్లకు మించి ఆడించలేను" అన్నాడు తిబో, ఆవిడ ముఖంలోకి చూస్తూ.

ముఖంలోకి చూసి మాట్లాడితేనే ఆవిడకు అర్థమవుతుంది మరి. మదామ్ లుసాక్‌కు ఏడో ఏట జ్వరంలో చెవులు పోయాయి. అప్పట్నుంచీ పెదవులే చదువుతోంది. మూకీల్లో హీరోయిన్లు కన్నీళ్లు కారుస్తూ దర్శకుణ్ణి తిట్టే తిట్లు హాలు మొత్తంలో తన ఒక్కదానికే తెలిసేవట. పకపకా నవ్వి, అమ్మ చేత మొట్టికాయలు తినేదట.

తిబో నవ్వలేదు. సినిమా చరిత్రకారుడన్న పేరేగానీ, పద్దెనిమిదేళ్లుగా ఆయన వెంటపడింది ఒక్క మనిషినే. జెర్మెన్ తిర్వెల్. 1923లో పారిస్ శివార్లలో స్టూడియో తగలబడుతుంటే, తన నాలుగేళ్ల పాపను మంటల్లో వదిలేసి పారిపోయిన నటి. పాప దక్కలేదు. జెర్మెన్ మాత్రం దియెప్ రేవులో చేపలమ్ముకుంటూ, జనం చేత ఉమ్మించుకుంటూ బతికి, దిక్కులేకుండా పోయింది. ఆమె పిరికితనం మీద ఆయన నాలుగొందల పేజీలు రాశాడు. రేపే పుస్తకం అచ్చుకెళ్లాలి. ఆ మంటల్లో ఆమె ఏమని అరిచిందో అదొక్కటే రాయాలి.

కాలిపోయిందనుకున్న ఆ రోజు రీలు మొన్న ఓ పాత ట్రంకులో, చొక్కాల అడుగున దొరికింది. ఎవరి ట్రంకని ఆవిడ అడిగితే మాట మార్చేశాడు.

మిషను తిరిగింది. తెర నిండా పొగ. అందులోంచి జెర్మెన్ సూటిగా కెమెరా దగ్గరికే పరుగెత్తుకొచ్చి, చేతులు జోడించి ఏదో అరిచింది. అక్కడితో రీలు అయిపోయింది.

తిబో దీపం వేశాడు.

"చూశారా, బొమ్మ పిసరంత కూడా వణకలేదు. అప్పట్లో కెమెరా పిడి చేత్తో తిప్పాలి. దర్శకుడు ఆపమనేదాకా, పైకప్పు కూలినా సరే, పిడి వదలకూడదు. అదీ పనితనమంటే! ఈవిడగారేమో 'నన్ను కాపాడండి' అనే కదా?"

 ఆవిడ ఇంకోసారి వెయ్యమంది, ఈసారి నెమ్మదిగా. నెమ్మదిగా తిప్పితే ఫిల్ము వేడెక్కుతుంది.  అయినా తిబో నెమ్మదిగానే తిప్పాడు. చివర్లో కమురు వాసన వచ్చేసరికి చటుక్కున ఆపేసి దీపం వేశాడు.

మదామ్ లుసాక్ కళ్లు తుడుచుకుంటోంది. ఒక్కొక్క మాటే కూడబలుక్కుని చెప్పింది.

"'ఆ పిడి వదులు అనతోల్. పాప దూలం కింద ఉంది. నా ఒక్కదానివల్ల కావట్లేదు, నువ్వూ ఓ చెయ్యి వెయ్యి.' ఇదే నాయనా. మూడుసార్లు బతిమాలింది. ఆ అనతోల్ ఎవడోగానీ, పాపిష్టివాడు."



బల్ల మీద, తిబో పుస్తకం ప్రూఫుల కట్టలో పైనున్న అంకితం పేజీలో ఒక్కటే వాక్యం ఉంది: "మంటల్లోనూ పిడి వదలని కెమెరామన్, మా నాన్న అనతోల్‌కి."