మళ్లీ పాడని నీవెస్

“శనివారం ఆ కారెక్కావంటే ఇక పాడవు.”

నీవెస్ చేతిలోని ఉత్తరంలో ఉన్నది అంతే. మాడ్రిడ్ టీవీ స్టూడియోలో అద్దం ముందు కూర్చుని ఉందామె. స్టూడియోలో తలలు దువ్వే బెనితా వెనక నిలబడి ఆమె జుట్టు చిక్కు తీస్తోంది.

నెలలో ఇది నాలుగోది. అన్నీ గుండ్రటి పెద్ద అక్షరాలు, కింద సంతకం ఉండదు. ‘మీ ఊరు వెళ్లిపో’ అంది మొదటిది. రెండోది ఆమె కొత్తగా కొన్న పచ్చకోటు సంగతి చెప్పింది.

నీవెస్‌కి పందొమ్మిదేళ్లు. క్వెంకా నుంచి వచ్చి పదకొండు నెలలైంది. టీవీలో పాడిన రెండు పాటలకే చేపల బజారువాళ్లు పేరు పెట్టి పిలుస్తున్నారు. రెండు సినిమాల్లో తెర వెనక పాడింది. మూడో సినిమాలో పాటలన్నీ తనవే.

“పోలీసులకి చెప్పనా?”

“చెప్పు. వాళ్లు నిర్మాతగారికి ఫోన్ చేస్తారు. ఆదివారం ఆయనింట్లోనే కదా వాళ్ల భోజనం!” అంది బెనితా.

అంతలో ఆ నిర్మాతే వచ్చాడు. దోన్ ఎవారిస్తో ఉత్తరం చదివి పెద్దగా నవ్వాడు.

“కుళ్లు, అమ్మాయ్! పేరొస్తే ఇవీ వస్తాయి. చెప్పినట్టే శనివారం కారు పంపిస్తా. రికార్డింగు దాకా కొండమీద మా బంగళాలో ఉండు. గేటుకి తాళం, తోటలో కుక్కలు. నిన్నెవడు ముట్టుకుంటాడు?”

“మీరు దేవుడండీ” అంది నీవెస్.

బెనితా చేతిలో దువ్వెన జారి కింద పడింది.

శుక్రవారం సాయంత్రం నీవెస్ గది తలుపు సందులో ఐదో కవరు కనబడింది. అందులో ఒక్క అక్షరం లేదు, ఓ జుట్టుపాయ ఉంది. ఆమె జుట్టే. తనకే తెలియకుండా కత్తెర పట్టుకుని అంత దగ్గరికి ఎవరొచ్చారు?

తెల్లారగానే క్వెంకా బస్సెక్కేసింది. కారు ఖాళీగా వెనక్కి వెళ్లింది.

“పిరికిదానా!” అని ఫోన్‌లో అరిచాడు దోన్ ఎవారిస్తో. “నీలాంటి గొంతులు వీధికి పది!”

ఆ తర్వాత ఆమెని ఎవరూ పాడమనలేదు. మేనత్త గుండీల కొట్లో రెండేళ్లు గడిచాయి. రేడియోలో తన పాట వస్తే చటుక్కున కట్టేసేది. కొత్తవాళ్లెవరైనా కొట్లోకి వస్తే ముందు వాళ్ల చేతులు చూసేది. బతుకు నాశనం చేసిన ఆ చెయ్యి ఎవరిదోనని.

ఓ మధ్యాహ్నం నల్లబట్టల్లో బెనితా వచ్చింది. జుట్టంతా నెరిసిపోయింది. పేపరు తీసి బల్లమీద పరిచింది.

పాత డ్రైవరు నోరు విప్పాడట. బంగళా తోట తవ్వారు. ముగ్గురు అమ్మాయిలు. ముగ్గురూ గాయనులే. దోన్ ఎవారిస్తో జైల్లో ఉన్నాడు.

నీవెస్ పేపర్లోని మూడు ఫోటోలూ చూసింది. “నాలుగోదాన్ని నేనే అయ్యేదాన్ని! మరి ఆ ఉత్తరాలు... వాడికీ ఇదంతా తెలుసన్నమాట. ఎవడు వాడు?”

బెనితా వేలు పేపర్లో మొదటి ఫోటో మీద ఆగింది.

“నా కూతురికి మాత్రం రాయలేకపోయాను.”