ఫోటో కావాలట

నిన్న స్టేజీ మీద మా నాన్న చావు గురించి ఓ జోకేశాను. హాలంతా పడీపడీ నవ్వింది. పొద్దున్నకల్లా మా ఇంటి ముందు ధర్నా.

తలుపు తీస్తే వాళ్ళ నాయకుడు. "కన్నతండ్రిని నవ్వులపాలు చేస్తావా? సిగ్గు లేదూ?" అని అరిచి, గొంతు తగ్గించాడు. "ఆయన ఫోటో ఉంటే ఇవ్వు బాబూ. ఊరేగింపులో ముందు పట్టుకోవాలి."

గోడ మీది ఫోటో దించి, చొక్కాతో దుమ్ము తుడిచి ఇచ్చాను. "ఒక్కటే ఉంది. జాగ్రత్త," అన్నాను.

నా జోకు ఇంతే: మా నాన్నని సాగనంపడానికి వెళ్ళింది ఇద్దరమే, నేనూ శవాల బండి డ్రైవరూ. ఆ డ్రైవరూ వాచీ చూసుకుంటూనే ఉన్నాడు.

కిటికీలోంచి చూశాను. ముందు నాన్న, వెనక వీధి పట్టనంత జనం.

చెప్పులేసుకుని కిందికి దిగి, అందరికంటే వెనక నేనూ నడిచాను.