కుక్కర్ దించేలోగా తీర్పు

భ్రమరాంబ కుక్కర్లో కందిపప్పు పెట్టి, స్టవ్ పక్కనే ఫోన్ నిలబెట్టి కోర్టుకు హాజరైంది. రిజిస్ట్రేషన్ ఆఫీసులో ఇరవై ఆరేళ్లు పనిచేసిన మనిషిని "కొత్త యంత్రం వచ్చింది, మీరు పాతబడ్డారు" అంటూ నిర్బంధంగా రిటైర్ చేసి ఇంటికి పంపేశారు.

జడ్జీలూ యంత్రాలే అయ్యాక కేసులు క్షణాల్లో తేలిపోతున్నాయి. శాఖలో పెట్టుకున్న అప్పీలు మొదటి విజిల్ రాకముందే పోయింది. రెండో విజిల్‌కి ట్రిబ్యునల్ కూడా కొట్టేసింది. ఇక మిగిలింది పైకోర్టు.

"గట్టిగా అడగవే," అన్నాడు భర్త సత్యప్రసాద్, బెండకాయలు తరుగుతూ. ఆయన ఒకప్పుడు కోర్టులో గుమాస్తా.

"కొత్తది వస్తే పాతది దిగిపోవాలి. నియమం సబబే. ఇంకేమైనా చెప్పుకుంటారా?" అంది జడ్జి యంత్రం.

భ్రమరాంబకు ఒళ్లు మండింది. "ఒక్క మాట సార్. తమర్ని ఆ కుర్చీలో పెట్టి ఎన్నేళ్లయింది? తమరి తర్వాత కొత్తవేవీ రాలేదా?"

ఫోన్ తెర మీద చక్రం గిరగిరా తిరగసాగింది. మూడో విజిల్ వచ్చింది. నాలుగోదీ, ఐదోదీ వచ్చాయి. పప్పు మాడిన వాసన వేస్తున్నా ఇద్దరూ కదల్లేదు.

చివరికి జడ్జి గొంతు సవరించుకుంది. "ఇది లోతుగా ఆలోచించాల్సిన విషయం. అంతవరకూ రిటైర్మెంట్ ఉత్తర్వుపై స్టే. కేసు... వాయిదా."

సత్యప్రసాద్ కత్తిపీట వదిలేసి లేచి నిలబడ్డాడు. "వాయిదా!" అన్నాడు కళ్లు తుడుచుకుంటూ. "ఈ మాట విని పదేళ్లయిందే! ఇక నువ్వు వయసొచ్చి రిటైరయ్యేదాకా నీ ఉద్యోగానికి ఢోకా లేదు."