ముత్తాతగారి జట్టు

"ముత్తాత అనాలి. అంకుల్ అనకు, కజిన్ అనకు. ఏదీ, మళ్లీ చెప్పు."

"గుడిమెళ్ల గోపాలం మా డాడ్‌కి ముత్తాత," అన్నాడు నీల్, కిటికీలోంచి బయటికి చూస్తూ. "డాడ్, ఇది చీటింగ్ కదా?"

"ఇంటిపేరు కలిసిందా, లేదా?"

"కలిసింది. బట్..."

"మరింక నోర్మూసుకో."

కృష్ణమూర్తి కారు వేగం పెంచాడు. తాముండే బెంటన్‌విల్ నుంచి ఆ కాలేజీకి ఆరు గంటల దారి. నీల్ పేరు అక్కడి వెయిట్‌లిస్ట్‌లో ఇరుక్కుని నెలన్నరైంది. పూర్వ విద్యార్థుల కుటుంబాలకి సీట్లలో కాస్త మొగ్గు చూపిస్తారని ఎవరో చెప్పారు. కృష్ణమూర్తి చదివింది గుంటూరులో. ఇప్పటికిప్పుడు పూర్వ విద్యార్థిని ఎక్కణ్ణుంచి తేవడం?

కాలేజీ వెబ్‌సైట్‌లోనే దొరికాడు. 1913 నాటి అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు ఫోటోలో, పదిమంది తెల్లవాళ్ల పక్కన, చేతులు కట్టుకుని నిలబడ్డ చామనచాయ కుర్రాడు. కింద పేరు కూడా ఉంది, గోపాలం గుడిమెళ్ల అని.

నిజానికి కృష్ణమూర్తి వంశంలో సముద్రం దాటిన మొదటివాడు కృష్ణమూర్తే. అయితేనేం? ఒకే ఇంటిపేరుతో ఏ చుట్టరికమూ లేని కుటుంబాలు మనకి ఊరికి నాలుగుంటాయని అమెరికా డీన్‌కి ఎవరు చెప్పొచ్చారు?

గోపాలం మా ముత్తాత అని సాయంత్రం కాలేజీకి మెయిల్ పెడితే పొద్దున్నకల్లా డీన్ స్వయంగా జవాబిచ్చాడు. ఆ కుటుంబం కోసం ఎప్పట్నుంచో వెతుకుతున్నామన్నాడు. వంశవృక్షం అడిగాడు. కృష్ణమూర్తి కూర్చుని శుభ్రంగా గీసిచ్చాడు. గోపాలం ఓడ ఎక్కేనాటికి ఇంట్లో ఏడాది కొడుకు ఉన్నట్టు కూడా అందులో పుట్టించాడు. రక్తసంబంధంలో మీకన్నా దగ్గరివాళ్లు ఎవరూ లేరు కదా అని డీన్ మూడుసార్లు అడిగాడు. మూడుసార్లూ కృష్ణమూర్తి నోటరీ ముద్ర కొట్టించి మరీ లేరన్నాడు. ఇంత శ్రద్ధ పెడుతున్నారంటే సీటు చేతిలో పడ్డట్టేనని ఆయనకి ధీమా వచ్చేసింది.

మధ్యలో ఒక్కటే చికాకు. రెండు వారాల కింద ఐసెలిన్ అనే ఊరి నుంచి హంసిక అనే అమ్మాయి ఫోన్ చేసింది.

"అంకుల్, డీన్ ఆఫీస్ వాళ్లు మీ పేరు చెప్పారు. ఆ ఫోటోలో గోపాలం గారు మా తాతమ్మకి సొంత అన్నయ్య."

"అయితే నీకూ అక్కడ సీటు కావాలా?"

"సీటేంటి అంకుల్, నేను జాబ్ చేస్తున్నాను. ఆయన దగ్గర్నుంచి పంతొమ్మిది వందల పదమూడు నవంబర్ తర్వాత ఇంటికి ఉత్తరం రాలేదట. తాతమ్మ పోయేదాకా అన్నయ్య వస్తాడనే అనేదట. మా అమ్మమ్మకి ఇప్పుడు తొంభై. ఏమయ్యాడో తెలిస్తే ఆవిడకి చెబుదామని."

"ఏమవుతాడమ్మా? చదువు పూర్తి చేసుకుని ఇంటికొచ్చాడు. మనవల్ని ఎత్తుకుని హాయిగా పోయాడు. మీవాడు వేరే గోపాలం అయ్యుంటాడు."



"అంటే, వచ్చి కూడా చెల్లెల్ని చూడలేదా?" అంది హంసిక.

"వేరే గోపాలం అంటున్నానుగా," అని పెట్టేశాడు. మర్నాడు డీన్‌కి మెయిల్ కొట్టాడు, ఆ అమ్మాయి ఇంటిపేరు చూడండి, కలవనైనా కలవదు అని. డీన్ చూశాడు. కలవలేదు. అంతటితో హంసిక పని అయిపోయింది. కృష్ణమూర్తి ఆ రాత్రి సుఖంగా నిద్రపోయాడు.

"డాడ్, నేను పాత న్యూస్‌పేపర్స్ అన్నీ చదివాను," అన్నాడు నీల్ కారులో. "అప్పట్లో హెల్మెట్ కూడా సరిగ్గా ఉండేది కాదు. రెండో మ్యాచ్‌లో ఆయన ముక్కు విరిగింది. నాలుగో దాంట్లో రెండు పళ్లు పోయాయి. ఏడో మ్యాచ్‌లో అందరూ మీద పడితే మోసుకెళ్లారు. ఎనిమిదో మ్యాచ్‌లో అసలు పేరే లేదు. వై?"

"జలుబు చేసుంటుంది. జట్టు గెలిచిందా?"

"ఎనిమిదీ గెలిచారు."

"అదీ! ఆ మాట చెప్పు అక్కడ."

విమానంలో కాకుండా కారులోనే రండి, వెనకాల చోటుండాలి అని డీన్ ప్రత్యేకంగా రాశాడు. పెద్ద కప్పో, అద్దం కట్టిన ఫోటోనో ఇస్తారని కృష్ణమూర్తి లెక్క. పగలకుండా చుట్టడానికి రెండు దుప్పట్లు కూడా వేసుకొచ్చాడు.

ఆఫీసులో డీన్, కాలేజీ అధ్యక్షుడు, ఫుట్‌బాల్ కోచ్ ముగ్గురూ నల్లసూట్లలో ఉన్నారు. తండ్రీకొడుకులు లోపలికి రాగానే లేచి నిలబడ్డారు. అంత మర్యాద కృష్ణమూర్తికి ఈ దేశంలో పాతికేళ్లలో ఎక్కడా దొరకలేదు. ఆనందంతో ఒళ్లు పులకరించింది.

"నూట పన్నెండేళ్లు ఆలస్యమైంది. క్షమించండి," అన్నాడు డీన్ తల వంచుకుని.

"అయ్యో, ఇప్పటికైనా గుర్తించారు, అదే చాలు సర్."

"ఈ కాగితాలు చదివి సంతకం చేయండి. చేశాక వెనక్కి తీసుకోవడం కుదరదు."

కృష్ణమూర్తి చదవకుండానే నాలుగు చోట్ల గీకేశాడు. "మరి మావాడి సీటు?"

"అది నా చేతిలో లేదు. ఆ మొగ్గు కూడా ఇక్కడ డిగ్రీ తీసుకున్నవాళ్ల కుటుంబాలకే."

"మా ముత్తాత తీసుకున్నారుగా!"

డీన్ ఆయన వంక వింతగా చూశాడు. ఈలోగా తలుపు తెరుచుకుంది. ఇద్దరు మనుషులు చక్రాల బల్ల ఒకటి మెల్లగా తోసుకొచ్చారు. దాని మీద పొడవాటి చెక్కపెట్టె. ముగ్గురు పెద్దమనుషులూ మళ్లీ లేచి నిలబడ్డారు.

"ఇందులో ఏముంది?" అన్నాడు నీల్.

"గోపాలంగారు," అన్నాడు డీన్, "ఇన్నేళ్లూ మా అనాటమీ క్లాసులో అస్థిపంజరంగా వేలాడారు."