స్వాధీన పంచనామా

“ఏడు నెలలు ఎందుకాపావమ్మా?” అని జైనాబ్ బీ అడిగితే తహసీల్దార్ యశోద చూపు చేను మీదికి తిప్పుకుంది.

ఎదురుగా రెండెకరాల మిరపచేను. కాలేషాకు ప్రభుత్వం పట్టా ఇచ్చిన భూమి. అతను పోయాక పక్క పొలంవాళ్లు గట్టు చెరిపి తమ దాంట్లో కలిపేసుకున్నారు. అతని భార్య జైనాబ్ బీ దాచేపల్లిలో కూలి చేసుకుంటూనే హైకోర్టు దాకా వెళ్లి గెలిచింది. భూమిని ఆమెకు స్వాధీనం చేయమన్న ఆర్డరు యశోద బల్ల మీద ఫైళ్ల అడుగున ఉండిపోయింది. చివరికి కోర్టు ధిక్కారం కేసు పడింది. రేపు పదిన్నరకల్లా స్వాధీనం చేసినట్టు కాగితం చూపాలి, లేకుంటే జైలుకు సిద్ధపడి రావాలన్నారు జడ్జి.

చేను మధ్యలో పక్క పొలం ఆదిలక్ష్మమ్మ బైఠాయించింది. ఇద్దరు మహిళా కానిస్టేబుళ్లు ఆమెను లేవదీయబోయారు.

“ఆమె ఒంటిమీద చెయ్యి పడకూడదు,” అంటూ యశోద తానే సాళ్లలోకి దిగింది. “లే అమ్మా. అందరూ చూస్తున్నారు.”

“చూడనీ. నువ్వే వస్తావనుకోలేదే.”

“మేడంతో అట్టా మాట్లాడతావేంది?” కసిరింది ఒక కానిస్టేబుల్. యశోద ఆగమని సైగ చేసింది.

“ఈ పొలం నీది కాదమ్మా. నీకూ తెలుసు.”

“పదేళ్లు చాకిరీ చేశా. చెట్టు నిండా కాయుంది. నీ ఉద్యోగం కోసం నా నోటికాడ కూడు లాక్కుంటావా?”

“ఉద్యోగం కోసమే అయితే మొదటి నెల్లోనే వచ్చేదాన్ని. మరి ఆమె నోటికాడ కూడు పదేళ్లు తిన్నదెవరు?”

“ఎవరెవరు తిన్నారో నీకు తెలీదా?”

యశోద తల దించుకుంది. చివరికి ఆదిలక్ష్మమ్మ, యశోద చాచిన చెయ్యి పట్టుకోకుండానే లేచి, చీరకంటిన మట్టి దులుపుకుని గట్టెక్కింది.

జైనాబ్ బీ చెప్పులు విడిచి చేలో అడుగుపెట్టింది. కిందటి వారమే మండలానికి బదిలీ అయి వచ్చిన సర్వేయర్ మహేష్ హద్దు రాళ్లు పాతించి, పంచనామా రాశాడు.

“ముసలామె సంతకం చెయ్యనంది మేడం. అదే రాశా. కానీ ఖాళీ చేసింది ఆదిలక్ష్మమ్మేనని గుర్తుపట్టే సాక్షి కావాలి. ఊళ్లోవాళ్లెవరూ ముందుకు రావట్లేదు.”

“నేను చేస్తా,” అని యశోద పెన్ను అందుకుంది.

“మీకు ఆమె ఎట్టా తెలుసని రాయను మేడం?”

“మా అమ్మ అని రాయి.”